ఒక్క పాయింటు

జపాను వాళ్ళ బొమ్మల సీరియల్ మీద సావనీరుకి వ్యాసమేమిటయ్యా అన్నారు ఎడిటరుగారు. బాస్కెట్‌బాల్ మీదండీ అన్నాను. సరేనన్నారు.

'స్లామ్ డంక్' తకెహికో ఇనోవే గీసిన కథ. 1990 నుంచి 1996 దాకా వారపత్రికలో వచ్చింది. 1993లో మొదలుపెట్టి టీవీకి 101 భాగాలు తీశారు. అందులో నన్ను కట్టిపడేసింది షోహోకు హైస్కూలు జట్టు రియోనాన్ స్కూలుతో ఆడిన మొదటి ఆట. కప్పు లేదు, పతకం లేదు. ఒట్టి ప్రాక్టీసు మ్యాచి.

సకురాగి అనే ఎర్రజుట్టు కుర్రాడు కొట్లాటల మనిషి. ఓ అమ్మాయి మెప్పు కోసం జట్టులో చేరాడు. వచ్చీరాగానే డంక్ కొట్టేద్దామని వాడి ఆశ. వాళ్ళేమో కోర్టు మూల నిలబెట్టి బంతిని నేలకేసి కొట్టమన్నారు, రోజుల తరబడి. విసుగెత్తి మానేశాడు, మళ్ళీ వచ్చాడు. తర్వాత నేర్పింది లే-అప్. పరుగెత్తి, ఎగిరి, బంతిని విసరకుండా రింగు దగ్గర మెల్లగా పెట్టి రావటం. వాడు దాన్ని 'సామాన్యుల షాట్' అని వెక్కిరిస్తాడు.

ఆ మాట నాకు గుచ్చుకుంది. మా ఇంట్లో డిగ్రీ మెట్టెక్కినవాణ్ణి నేనే మొదటివాణ్ణి. మొదటి ఏడాది ల్యాబులో తోటివాళ్ళు ఇంగ్లీషులో రికార్డు గబగబా రాసేస్తుంటే, నేను బ్యూరెట్టు పట్టుకుని చుక్క చుక్కగా వదలటం నేర్చుకున్నాను. ఆ చివరి చుక్క దగ్గర చెయ్యి వణకకుండా ఉండటానికి నాకు ఒక సెమిస్టరు పట్టింది.

ఆటలో కెప్టెన్ అకాగికి ముఖాన దెబ్బ తగిలి బయటికి వెళ్తే సకురాగిని దింపారు. అంత గొప్పలు పోయినవాడు కొయ్యబొమ్మలా బిగుసుకుపోయాడు! చివరి క్షణాల్లో మాత్రం అదే సామాన్యుల షాట్ వేసి జట్టుని ఒక పాయింటు ముందు నిలిపాడు. నేను మంచం మీంచి లేచి కూర్చున్నాను. అంతలో అవతలి జట్టు సెండో వచ్చి బుట్టలో వేసేశాడు. 87–86. ఓటమే.

సెలవుల్లో ఇంటికెళ్ళినప్పుడు ఫోన్లో మా నాన్నకి చూపించాను. భాష తెలియదు, ఆట తెలియదు, అంకెలు మాత్రం చూస్తున్నాడు.

"ఓడిపోయారేంట్రా?"

"అవును నాన్నా, ఒక్క పాయింటు."

"మొదటిసారేగా ఆడటం?"

"మొదటిసారే."

కాసేపు మాట్లాడలేదు. మూడేళ్ళ క్రితం కోసిన వరి పనల మీద వాన పడిన సంగతి గుర్తొచ్చిందేమో, నేనడగలేదు.

"మళ్ళీ వాళ్ళతోనే ఆడతారా?"

ఆడతారు, తర్వాత లీగులో 70–66తో గెలుస్తారు కూడా. ఆ సంగతి చెప్పకుండా, ఆడతారనే అన్నాను.

"అయితే అది రేపు పెట్టు. కరెంటొచ్చే వేళైంది, మోటారెయ్యాలి," అని తువ్వాలు భుజానేసుకుని లేచాడు.