కత్తెర, కెమేరా, కవి

కవి కవిత్వం చదువుతుంటే విన్నవాళ్ళు చాలామంది. అది అతని తలలో ఎలా పుడుతుందో చూసినవాళ్ళు లేరు. చూడాలన్న కుతూహలం మాత్రం అందరికీ ఉంటుంది.

విలియం బరోస్ అని ఒక అమెరికను రచయిత ఉండేవాడు. రాసిన కాగితాన్ని కత్తెరతో ముక్కలు చేసి, అటూ ఇటూ మార్చి పేర్చుకుని చదివేవాడు. 1959లో బ్రయన్ గైసిన్ అనే చిత్రకారుడి ద్వారా అబ్బిన విద్య అది. 1966లో ఆంటొనీ బాల్చ్ దాన్ని ఫిల్ముకెక్కించాడు. ఎలాగంటారా? తీసిన ఫిల్మునే నాలుగు భాగాలు చేసి, ఒక్కొక్క దానిలోంచి అడుగు చొప్పున వరసగా అతికింపించాడు!

ఈ సంగతి క్లాసులో చెబితే వెనక బెంచీ కుర్రాడొకడు లేచి, "మన దిక్కు గసొంటోళ్ళు లేరా సార్?" అన్నాడు.

ఎందుకు లేరు? అలిశెట్టి ప్రభాకర్ పాత కరీంనగర్ జిల్లావాడే. బొమ్మలు వేశాడు, ఫోటోలు తీశాడు, కవిత్వం రాశాడు. 1976లో జగిత్యాలలో 'పూర్ణిమ', 1979లో కరీంనగర్‌లో 'శిల్పి', 1983లో హైదరాబాదులో 'చిత్రలేఖ' - ఏ ఊరు వెళ్ళినా స్టూడియో పెట్టుకునే బతికాడు. ఆంధ్రజ్యోతిలో 'సిటీ లైఫ్' పేరుతో ఏళ్ళ తరబడి చిట్టి కవితలు రాశాడు.

బరోస్ దగ్గరికి కెమేరా వెళ్ళింది. మనవాడి చేతిలోనే కెమేరా ఉంది. ఫోటో తీసేవాడు చేసే పనేమిటి? అక్కర్లేనిదంతా చట్రం బయటికి నెట్టేసి, మిగిలినదాన్ని వెలుగునీడలకు అప్పగిస్తాడు. ప్రభాకర్ కవితా అంతే. ఒక మనిషి, ఒక వీధి, ఒక ఆకలి, నాలుగైదు పంక్తులు, చురుక్కుమనే ముగింపు. ఆ పొదుపు స్టూడియోలోనే అలవడిందని నా ఊహ.

1993 జనవరి 12న క్షయవ్యాధి అతన్ని తీసుకుపోయింది. నాకు నలభై దాటాయి. అతనికి నలభై నిండనే లేదు.

"అయితే వ్యాసం చిన్నగ రాయొచ్చా సార్?" అన్నాడు కుర్రాడు. క్లాసంతా గొల్లుమంది.

"రాయి నాయనా. వదిలేసిందేమిటో మాత్రం నీకు తెలిసుండాలి" అన్నాను.

మర్నాడు ఆరు పంక్తులు తెచ్చాడు. బీడీలు చుట్టే వాళ్ళమ్మ వేళ్ళ మీద. ముఖం లేదు, ఇల్లు లేదు, కష్టమన్న మాటే లేదు. అయినా అన్నీ కనిపించాయి. పదికి పదీ వేశాను. రేపు పరీక్షలో దిద్దేవారు రెండు పేజీలు లేవని సున్నా చుడతారేమోనని నా బెంగ.