టైప్‌కాస్ట్ అయిన శకుంతల

తెలంగాణ శకుంతల అనగానే మీకేం గుర్తొస్తుంది? పెద్ద బొట్టు, పెద్ద గొంతు, నోట్లో తయారుగా ఓ తిట్టు, అంతేనా? నాకు మాత్రం ముందు మా ఊరి మాట గుర్తొస్తుంది.

నాది కోరుట్ల. ఇంటర్ జగిత్యాలలో, అమ్మమ్మ ఊరు సిరిసిల్ల. "ఏందివయా", "గిట్లెందుకు", "జర ఆగు" అనుకుంటూ పెరిగినోణ్ని. కానీ సినిమా హాల్లో ఆ మాట వినబడిందంటే తెర మీద రౌడీయో, పనిమనిషో ఉన్నట్టే. హీరో అట్లా మాట్లాడడు, హీరోయిన్ అసలే మాట్లాడదు. ఉద్యోగంలో చేరిన కొత్తలో నేను ఇంటికి ఫోన్ చేస్తుంటే పక్క సీటాయన "అచ్చం శకుంతలలా మాట్లాడుతున్నావు బాసూ" అని నవ్వాడు. వెక్కిరింతే. కానీ ఆవిడ గురించి తెలిసినకొద్దీ అది మెప్పే అనిపిస్తోంది :)

ఎందుకంటే ఆవిడ మాతృభాష మరాఠీ! 1951లో మహారాష్ట్రలో పుట్టింది. మన యాస ఆవిడకి పుట్టుకతో రాలేదు, చెవితో వచ్చింది. ఇంకో పక్క చూడండి. మా సిరిసిల్ల దగ్గరి హనుమాజీపేటలో పుట్టిన సినారె 1962లో 'గులేబకావళి కథ'తో సినిమాకొచ్చి గొప్ప పాటలు రాశారు. అయితే ఆ పాటల భాష హనుమాజీపేట భాష కాదు. ఆయన్ని తప్పు పట్టట్లేదు, అప్పటి సినిమా ఒప్పుకున్న భాష అదొక్కటే.

శకుంతల నాటకాల నుంచి వచ్చింది. మొదటి సినిమా గౌతమ్ ఘోష్ 'మా భూమి', 1980లో విడుదలైంది. కథ 1940ల నాటి రైతాంగ పోరాటం. కానీ 1978 సెప్టెంబరులో జగిత్యాల జైత్రయాత్ర చూసిన మా పెద్దోళ్ళకి అది పాత కథ కాదు. అందులో మా భాష ఎవర్నీ నవ్వించడానికి లేదు, బతుకు చెప్పడానికి ఉంది.

తర్వాత ఏమైంది? 1997లో 'ఒసేయ్ రాములమ్మ', 2001లో 'నువ్వు నేను'. ఆ రెండో దాంతో పేరు మారుమోగింది, ఇక వరసగా గయ్యాళి పాత్రలే. టైప్ కాస్టింగ్ అంటే మనకి చెప్పక్కర్లేదు కదా, డబుల్‌ని ఇంట్‌లోకి కాస్ట్ చేస్తే పాయింటు తర్వాతదంతా పోతుంది. ఎర్రర్ కూడా రాదు. ఆవిడ విషయంలో జరిగింది అదే.

ఆ పోయిన భాగం ఎంతో అప్పుడప్పుడు తెలిసేది. 2003లో 'ఒక్కడు'లో కర్నూలు ఫ్యాక్షనిస్టు ఓబుల్‌రెడ్డికి తల్లి. అదే ఏడాది తమిళ 'ధూళ్'లో విక్రమ్‌కి ఎదురు నిలిచిన స్వర్ణక్క. పేరు ముందు తెలంగాణ, పుట్టుక మరాఠీ, భయపెట్టింది తమిళనాడుని. ఒక యాసకి మాత్రమే సరిపోయే నటి అని ఎవరనగలరు?

ఇంకో మాట. ఆ గయ్యాళి పాత్రల్లో కూడా ఆవిడ మా యాసని తల వంచుకుని మాట్లాడలేదు. ఆర్డర్ వేసినట్టు మాట్లాడింది. జనం నవ్వారు గానీ, ఆవిడ ముందు ఎదురుగా ఉన్నోడే తగ్గేవాడు. మా భాషకి తెర మీద అధికారం చూసింది నేను అక్కడే.

2014 జూన్ 2న తెలంగాణ వచ్చింది. జూన్ 14న ఆవిడ గుండెపోటుతో పోయింది. పన్నెండు రోజులు! 2017లో 'ఫిదా' హీరోయిన్ ఇదే యాసలో ప్రేమ సంగతులు మాట్లాడితే రాష్ట్రమంతా ముచ్చట పడింది. 2023లో సిరిసిల్ల బిడ్డ వేణు యెల్దండి మా పల్లెల్లోనే 'బలగం' తీస్తే, చావింట్లో ఒకే సీన్‌లో నవ్వీ ఏడ్చీ బయటికొచ్చాం. నవ్వించి ఏడిపించడం శకుంతలకి చేతనైన పని. అలాంటి పాత్రలు రాసే రోజులొచ్చేసరికి ఆవిడ లేదు.

ఈసారి టీవీలో ఆవిడ కనబడితే ఛానెల్ మార్చకండి. కామెడీ సీనే అయినా సరే, ఆ గొంతు ఒక్క నిమిషం వినండి.