దాదీ దేగ్చీలో హంగేరీ కూర

మనిషి ఏ ప్రాంతము వాడో అతని మాట చెబుతుంది. ఏ ఇంటివాడో అతని టిఫిను డబ్బా చెబుతుంది. మేము ముగ్గురము, అనగా ఇద్దరన్నదమ్ములము, ఒక చెల్లెలు, జగ్గయ్యపేటలో బడికి వెళ్ళే రోజుల్లో మధ్యాహ్నం డబ్బా మూత తీసే వేళకు ఒక అబద్ధం నాలుక చివర సిద్ధంగా ఉండేది. "ఏం కూర?" అని ప్రక్కవాడు అడిగితే "మటన్" అనేవారము. నిజానికి అది పెద్ద మాంసం. మా ఇంట్లో బడా గోష్త్ అంటారు. ఆవు వధను 1977 నాటి రాష్ట్ర చట్టం నిషేధించింది కనుక మా ఇంటికి వచ్చేది దున్నపోతు మాంసమే. వేటమాంసం ధర భరించలేని ఇళ్ళకు ఆదివారపు విందు అదే. ఆ కూర తినుటలో చట్టవిరుద్ధమైనదీ లేదు, ధర్మవిరుద్ధమైనదీ లేదు. అయినను ఆ మాట పైకి అనడానికి మాకు నోరు వచ్చేది కాదు.

కళాశాలలో చేరిన పిదప గ్రంథాలయంలో దేశదేశాల వంటలను గూర్చిన పుస్తకమొకటి మా చేతబడింది. అందులో హంగేరీ దేశపు గొడ్డు మాంసపు కూర, లోకమంతా గులాష్ అని పిలిచేది, మమ్మల్ని ఆకర్షించింది. ఆ దేశస్థులు దానిని గుయాష్ అంటారు. వారి భాషలో గుయా అంటే పశువుల మంద. గుయాష్ అంటే ఆ మందను కాచే వాడు. హంగేరీ మైదానాల్లో పశువుల కాపరులు ఆరుబయట మంట వేసి, దానిపై ఇనుప బాన వ్రేలాడదీసి వండుకొన్న కూరకు కాపరి పేరే నిలిచిపోయింది. 1784లో చక్రవర్తి రెండవ జోసెఫ్ హంగేరీలో జర్మన్ భాషను అధికార భాషగా విధించినప్పుడు ఆ దేశపు ప్రభువర్గానికి తమ భాష మీద, తమ వేషం మీద, తమ వంట మీద మమకారం పొంగింది. ఆ కాలం నుండే కాపరి కూర జాతి గౌరవానికి గుర్తయింది. ఈ సంగతి చదివి మేము ఒకరి ముఖం ఒకరు చూచుకొన్నాము. అక్కడ ఒక జాతి తలెత్తి చెప్పుకొనే వంట. ఇక్కడ మేము మూత చాటున దాచిన వంట!

వెంటనే ఆ కూర వండాలని నిశ్చయించుకొన్నాము. పుస్తకములోని లెక్క సులభంగానే ఉన్నది. కిలో మాంసం, అరకిలో ఉల్లిపాయలు, మూడు పెద్ద చెంచాల పాప్రికా, కొంచెం షాజీరకు దగ్గరి చుట్టమైన గింజ, ఉప్పు. వేయించుటకు పంది కొవ్వు అని వ్రాసి ఉన్నది. ఆ మాట దాదీ చెవిని పడకముందే వేరుశెనగ నూనె అని సవరించుకొన్నాము. పాప్రికా అనగా ఎండు మిరప పొడియే గదా! మిరప పండే మాగాణంలో పుట్టిన వారము, మిరపకు వెదుకులాట ఎందుకని, గుంటూరు సన్నం రకపు కారం మూడు చెంచాలు నిండుగా పోశాము. ఆ మధ్యాహ్నం మా ఇంట్లో జరిగిన దానిని వర్ణించుట కష్టం. చెల్లెలు రెండు చెంబుల మజ్జిగ త్రాగింది. పెద్దవాడు పెరట్లో నూతి దగ్గర నిలబడిపోయాడు. దాదీ మాత్రం ఒక ముద్ద నోట పెట్టుకొని, నెమ్మదిగా పళ్ళెం ప్రక్కకు జరిపి, "ఆ దేశంవాళ్ళకు నాలుకలు లేవా బేటా?" అని అడిగింది.

తప్పు ఆ దేశం వారిది కాదు. మిరప మొక్క వారికీ మనకూ కూడా పరాయిదే. అమెరికా ఖండంలో పుట్టిన ఆ మొక్క పోర్చుగీసు ఓడలలో మన తీరానికి వచ్చింది. 1541లో బుడా నగరం ఉస్మానియా తురుష్కుల వశమయింది. వారి ఏలుబడిలోనే మిరప హంగేరీకి చేరినదని చరిత్రకారుల అభిప్రాయం. మనవారు ఘాటును పెంచుకొన్నారు, వారు రంగును, తీపిని పెంచుకొన్నారు. సెగెడ్ నగరంలో ఆచార్యుడు ఆల్బర్ట్ సెంట్ జార్జి ఆ మిరపకాయల నుండే సి విటమిను విస్తారంగా తీశాడు. ఆయనకు 1937లో నోబెల్ బహుమతి లభించింది.

మరుసటి ఆదివారం దాదీ స్వయంగా పొయ్యి దగ్గర కూర్చున్నది. ఎండు మిరపకాయలను నిలువుగా చీల్చి, గింజలు దులిపి, లోపలి తెల్లని ఈనెను గోటితో గీకి పారవేసింది. కారమంతా ఎక్కువగా ఆ ఈనెలోనే ఉంటుందని శాస్త్రం చెబుతుంది. దాదీకి శాస్త్రం తెలియదు, ఈనె తెలుసు. మిగిలిన తోలును నానబెట్టి మెత్తగా నూరింది. ఉల్లిపాయలు బంగారు రంగుకు వచ్చినంతనే దేగ్చీ దించి, వేడి తగ్గాక ఆ ముద్ద కలిపింది. మంట మీద కలిపితే మిరప మాడి చేదెక్కుతుందని పుస్తకమూ చెప్పింది. దాదీ పుస్తకం చూడనేలేదు. మాంసం వేసి, కొద్ది నీరు చిలకరించి, మూత పెట్టి, కట్టెలు వెనక్కు లాగి సన్నని సెగ మీద రెండున్నర గంటలు ఉంచింది. పనిచేసిన పశువు మాంసం గట్టిది. అందులోని నరాల వంటి పీచు తొందర మంటకు బిగుసుకుంటుంది, నిదానపు సెగకు కరగి జిగురవుతుంది. ఆ జిగురే పులుసుకు చిక్కదనం.

మూత తీసినప్పుడు ఎర్రని కూర మెరిసింది. హంగేరీలో గుయాష్ అంటే చారు వలె పలుచగా ఉంటుందట. ఇంత చిక్కని దానిని పొర్కొల్ట్ అంటారట. మా నాలుకకు మాత్రం అది దాదీ వండే ఎర్ర సాలన్‌కు అన్నగారి వలె తోచింది. అల్లం, వెల్లుల్లి, ధనియాలు లేవన్నదొక్కటే తేడా.

ఆనాడు మా సహాధ్యాయి ఒకడు పుస్తకం కోసం మా ఇంటికి వచ్చాడు. వారింట మాంసమే ముట్టరు. వాసన చూచి "ఏం కూర?" అన్నాడు. పాత అబద్ధం నాలుక చివరకు వచ్చింది. దాదీ మా వైపు చూస్తున్నది. "పెద్ద మాంసం," అన్నాము. అతడు క్షణం ఆగి, "మేము తినము. మీరు తినండి, నేను కూర్చుంటాను," అన్నాడు. అమ్మీ వేరే పొయ్యి మీద, వేరే గిన్నెలో బంగాళాదుంపలు వేయించింది. ఒకే దస్తర్‌ఖాన్ మీద అతని పళ్ళెం అటు, మా పళ్ళేలు ఇటు. అతడు తన నియమం తప్పలేదు. మేము మా కూర పేరు మార్చలేదు. అన్నం మాత్రం ఒక్క గిన్నెలోదే.

అతడు వెళ్ళిన తరువాత దాదీని అడిగాము, ఇన్నాళ్ళు మేము బడిలో ఏమి చెప్పేవారమో తెలుసునా అని. "డబ్బా తిరిగి వచ్చేటప్పుడు మూత కింద అడుగూడ్చి తుడిచిపెట్టి ఉండేది గదా, వాసన కూడా లేకుండా. అప్పుడే తెలిసింది," అన్నది.

విద్యార్థి మిత్రులారా, ఈ కూర వండదలచిన వారికి మా మనవి ఒక్కటే. మిరప ఈనె తీసివేయండి, మంట తగ్గించండి, పేరు మాత్రం ఉన్నది ఉన్నట్లు చెప్పండి.