గేమ్ సెంటర్ ఆపేశాం

నిన్న రాత్రి మావాడి ఐఫోన్‌లో, ఆటల స్కోర్లు, స్నేహితుల్ని చూపించే గేమ్ సెంటర్ ఆపేశాం. చెస్ తెరవగానే పైనుంచి వాడి పేరుతో ఓ చిన్న పట్టీ జారేది. కళ్లు బోర్డు కంటే ముందు దానిమీదికే పోయేవి. ఆ తర్వాత ఎవరి స్కోరు ఎంతో చూసుకోవడం, మొహం చిన్నబుచ్చుకోవడం. పదేళ్ల పిల్లాడికి ఆట ఆటలా ఉంటే చాలు కదా!

గేమ్ సెంటర్ 2010 నుంచీ ఐఫోన్‌లో ఉన్నదే. సెట్టింగ్స్‌లో గేమ్ సెంటర్ నొక్కితే పైనే బటన్ ఉంటుంది, పచ్చరంగు పోతే ఆగినట్టే. పూర్తిగా వద్దనుకోకపోతే, స్క్రీన్ టైమ్‌లోకి వెళ్లి కొత్త స్నేహితుల్ని చేర్చుకోవడం ఒక్కటే ఆపొచ్చు.

ఇవాళ పొద్దున మళ్లీ అదే ఆట తెరిచాడు. పట్టీ రాలేదు. ఏనుగుని ఎటు జరపాలా అని గడ్డం కింద చెయ్యి పెట్టుకుని చాలాసేపు ఆలోచించాడు.

పిల్లల చేతికి ఫోన్ ఇచ్చేవాళ్లు సెట్టింగ్స్‌లో గేమ్ సెంటర్ పేజీ ఓసారి తెరిచి చూడండి.