నాన్న అడుగులు

డాబా మీది సోలార్ ప్యానెళ్లలో ఒకటి సరిగ్గా పనిచేయడం మానేసింది. అద్దం మీద గీతైనా లేదు. నాసిరకం అంటగట్టారని బిగించిన మేస్త్రీకి ఫోన్ చేసి నానా మాటలూ అన్నాను. ఆయన ఏమీ అనకుండా పరీక్ష చేసే కుర్రాణ్ని పంపాడు. అదీ చీకటి పడ్డాక! రాత్రిపూట సోలార్‌కి పరీక్షేంటని నవ్వొచ్చింది.

అతను ప్యానెల్‌కే కరెంటు ఎక్కించాడు. ఎండ పడితే కరెంటిచ్చే సిలికాన్, కరెంటిస్తే తిరిగి వెలుగిస్తుందట. మన కంటికి ఆనని పరారుణ కాంతి అది. ప్రత్యేక కెమెరా తెరమీద గళ్లన్నీ తెల్లగా మెరిశాయి. రెండుచోట్ల మాత్రం చెట్టుకొమ్మల్లా నల్లటి చీలికలు. కరెంటు చేరని ముక్క వెలగదు మరి. ఆ గళ్లే సెల్స్. ఒక్కోటి మిల్లీమీటరులో ఐదోవంతు మందం కూడా ఉండదు. పైన అద్దం తట్టుకున్నా లోపల అవి చిట్లుతాయి. అన్నీ దండలా కలిపి ఉంటాయి కాబట్టి ఒకటి నీరసిస్తే మిగతావాటి జోరూ తగ్గుతుంది.

జపాన్‌లోని నారాలో తకాషి ఫుయుకి బృందం 2005లోనే సిలికాన్ సెల్స్‌ని ఇలా ఫొటోలు తీసి చూపింది. ఇంకా లోతుకెళ్లాలంటే ఎలక్ట్రాన్ మైక్రోస్కోపు ఉంది. ఎండకు బదులు ఎలక్ట్రాన్ల పుంజంతో సెల్‌ని తడుముతూ, కరెంటు ఎక్కడ పుడుతోందో, ఎక్కడ ఇంకిపోతోందో చుక్కచుక్కా పటం గీస్తారు. మా ఇంటి గొడవకి అంత అక్కర్లేదు.

తెర వంక చూస్తున్న నాన్న మెల్లగా అన్నారు, ‘‘అవి నా కాళ్లేరా.’’

‘‘ఆ మునక్కాయలు కోసిన రోజేగా!’’ అంది అమ్మ.

మేస్త్రీకి మళ్లీ ఫోన్ చేయాలి. కొత్త ప్యానెల్ ధర తర్వాత అడుగుతాను.