గడీ పెరటివైపు

ప్రజ్ఞాపూర్ భూస్వాముల ఇంట పుట్టిన బి. నర్సింగరావుగారు పూర్వుల వైభవమునే తెరకెక్కింపదలచినచో విందులు, వేడుకలు కావలసినన్ని దొరికెడివి. కాని 1988 నాటి ‘దాసి’ చిత్రములో ఆయన కెమెరాను గడీ పెరటివైపు త్రిప్పినారు. దొరసాని వెంట అరణముగా వచ్చిన ఆడబాప కమలాక్షిది ఎడతెగని చాకిరి. దొర పిలిచిన పోవలసినదే. గర్భము దాల్చినను దానిని నిలుపుకొను హక్కు ఆమెకు లేదు. మాటలు బహు స్వల్పము. అర్చన ముఖమే కథ చెప్పును. ఆమెకు ఉత్తమనటిగా జాతీయ పురస్కారము లభించినది. కళాదర్శకత్వమునకు అట్టి గౌరవమే పొందిన తోట వైకుంఠంగారు నాటి కరీంనగర్ జిల్లా బూరుగుపల్లివారు. మనవారని కొంత గర్వముతోనే వ్రాయుచున్నాము.

అంతకుముందు 1979లో నర్సింగరావుగారు నిర్మాతలలో ఒకరుగా, గౌతమ్ ఘోష్ దర్శకత్వమున వచ్చిన ‘మా భూమి’కి కిషన్ చందర్ ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ ఆధారము. ఆ కథ మాదంటే మాదని ఉర్దూ శాఖవారితో మాకు నేటికిని వాదమే. చాయ ఖర్చు ఎవరిదో తేలును గాని అది తేలదు.

మా దాదీమా బాల్యము ఒక గడీ ఎదుటి వాడలో గడచినది. దొరల దానగుణము, బతుకమ్మనాటి సందడి ఎన్నిమారులో చెప్పినది. ‘దాసి’ చూచివచ్చిన పిమ్మట, అక్కడి ఆడబాపల పేర్లేమని అడిగితిమి. చాలసేపు ఆలోచించి, “ఆడబాప అంటే సరిపోయేది బేటా, పేరు ఎవరడిగిన్రు?” అన్నది.

గడీ గుర్రముల పేర్లు మాత్రము మూడు చెప్పినది.