పదిమందిలో పాము చావదు

ఇరవై ఏళ్లుగా నవలలు రాస్తున్నాను. గుండెపోటుతో ఇప్పటికి కనీసం పదకొండుమందిని చంపివుంటాను. నాయిక తండ్రి గుండె పట్టుకుని వాలుకుర్చీలో ఒరుగుతాడు. డాక్టరుగారు వచ్చి, కళ్లజోడు తీసి, తల వంచుకుంటారు. అంతే! తరువాయి వచ్చేవారం. నిజంగా గుండె ఆగితే ఏమవుతుందో చూసింది మాత్రం నిరుడు వేసవిలో, యాడికి బస్టాండులో.

"యాడికి పోతాండావు?" అని అడిగితే "యాడికే!" అని జవాబు చెప్పాల్సిన ఊరు. మా చిన్నాన్నగారి మనవరాలి పెళ్లి చూసుకుని తాడిపత్రి బస్సు కోసం నిలబడ్డాను. మిట్టమధ్యాహ్నం. అనంతపురం జిల్లా ఎండ సంగతి వేరే చెప్పాలా! టీకొట్టు ముందు అరవయ్యేళ్ల పెద్దాయన ఒకరు, చేతిసంచీతో సహా కుప్పకూలిపోయారు.

క్షణంలో గుంపు చేరింది. "గాలాడనీయండప్పా!" అన్నవాడే గాలికి అడ్డంగా నిలబడ్డాడు. ఒకరు ఎర్రగడ్డ వాసన చూపించమన్నారు. ఇంకొకరు బీగాలగుత్తి చేతిలో పెట్టమన్నారు. పెద్దాయన నోరు తెరిచి, గురకలాగా రెండుమూడుసార్లు ఎగశ్వాస తీశారు. "ఊపిరుందిలే" అని అందరం స్థిమితపడ్డాం. అది ఊపిరి కాదనీ, గుండె ఆగిందనడానికి గుర్తనీ తర్వాత తెలిసింది.

నేనేం చేశానంటారా? హ్యాండుబ్యాగు గట్టిగా పట్టుకుని నిలబడ్డాను. బి.ఏ. చదివిన బుర్ర ఎన్ని సాకులు అల్లిందో! నాకు చేతకాదు. పరాయి మగవాడి రొమ్ముమీద చెయ్యి వేస్తే నలుగురూ ఏమంటారు? నా చేతిలో పోతే? పోలీసులు, సాక్ష్యాలు... అయినా ఇంతమంది ఉన్నారు, ఎవరో ఒకరు చూడరా? ఆ ఇంతమందీ అదే అనుకుంటున్నారు మరి!

ఇంతలో బస్సు దిగిన ఒక నర్సమ్మ, పాతికేళ్లు కూడా ఉండవు, పరుగున వచ్చింది. "నీలం చొక్కా అన్నా, నువ్వు 108కి ఫోన్ చెయ్యి. అక్కా, నువ్వు జనాన్ని జరుపు" అంటూనే, రొమ్ము మధ్య చేతిమీద చెయ్యి వేసి నొక్కడం మొదలెట్టింది. అంతసేపూ స్తంభంలా ఉన్న నీలం చొక్కా టక్కున ఫోను తీశాడు. నా కాళ్లూ కదిలాయి.

పెద్దాయన దక్కలేదని రాత్రికి తెలిసింది. గుండె ఆగిన నాలుగైదు నిమిషాలకే మెదడుకు చేటు మొదలవుతుందట. ఆ నిమిషాలన్నీ మేం ఎర్రగడ్డలకే ఖర్చుపెట్టాం. ముందే నొక్కితే బతికేవారా? ఏ డాక్టరూ చెప్పలేడు. నన్ను మాత్రం ఆ ప్రశ్న వదలడం లేదు.

పదిమందిలో పాము చావదని మన పెద్దలు ఏనాడో అన్నారు. 1968లో అమెరికాలో డార్లీ, లాటనే అనే మనస్తత్వ శాస్త్రజ్ఞులు దాన్నే లెక్కగట్టి చూపారు. పక్కగదిలో ఎవరికో మూర్ఛ వచ్చినట్టు మైకులో వినిపించారు. తానొక్కడే వింటున్నాననుకున్నవాళ్లలో నూటికి 85 మంది ఆ గొంతు ఆగేలోపే సాయానికి లేచారు. మరో నలుగురూ వింటున్నారనుకున్నవాళ్లలో లేచింది 31 మందే! మనసులు రాళ్లు కావు. బాధ్యతను పదిమందికీ పంచితే మన విస్తట్లో పడేది చిటికెడే. అందుకే కాబోలు, ఆ అమ్మాయి "ఎవరైనా ఫోన్ చెయ్యండి" అనలేదు. "నువ్వు" అంది.

2023లో హైదరాబాదు ఆరాంఘర్ చౌరస్తాలో ఇలాగే పడిపోయిన మనిషికి ఒక ట్రాఫిక్ కానిస్టేబులు గుండె నొక్కి ప్రాణం నిలిపాడు. రోడ్డు ప్రమాదాల్లో ఆదుకున్నవాళ్లను కేసుల్లో ఇరికించకూడదని 2019లో మోటారు వాహనాల చట్టానికి సవరణ కూడా వచ్చింది. మన భయాలు మాత్రం ఇంకా పాతవే.

నేనూ నేర్చుకున్నాను. రెండంగుళాల లోతు, నిమిషానికి 100 నుంచి 120 సార్లు. నోట్లో ఊదడం రాకపోయినా ఫరవాలేదు, చేతులు ఆగకూడదు. రాత్రి దిండుమీద సాధన చేస్తుంటే మావారు పేపరు పక్కన పెట్టి, "నామీద కోపమంతా ఆ దిండుమీద చూపిస్తున్నావా?" అన్నారు.

"మీకోసమేనండీ" అన్నాను.

ఆయన నవ్వలేదు. లేచి వచ్చి పక్కన కూర్చుని, "చెయ్యి ఎక్కడ పెట్టాలి?" అన్నారు.